ముందస్తు ప్రత్యక్ష ప్రసారం

ఆ రోజు గాడిద ఫ్లెక్సీ తినకపోయి ఉంటే చిట్టివంక రేడియో కేంద్రానికి కొత్త విధానం వచ్చేది కాదు. గాడిదను తప్పు పట్టడానికి లేదు. ఎండాకాలం, మేత లేదు. మంత్రిగారి ఫ్లెక్సీ గాలికి తెగి రోడ్డు మీద పడింది. గాడిద దాన్ని చెవి దగ్గర మొదలుపెట్టింది.

రోడ్డుకు ఇవతల రేడియో కేంద్రం కిటికీలోంచి కంబగిరి చూస్తున్నాడు. చూసింది చెప్పడం అతని ఉద్యోగం. చెప్పాడు.

“ఎదురుగా గాడిద ఒకటి మంత్రిగారి ఫ్లెక్సీ తింటాంది. కుడి చెవి అయిపోయింది. ఇప్పుడు మీసం మీదికి వచ్చింది. మీసం నచ్చినట్టుంది దానికి, నిదానంగా తింటాంది. సరే, దాని మానాన దాన్ని తిననిద్దాం. ఈపొద్దు కొళాయి నీళ్లు వంకపేటకు, కోటవీధికి. బిందెలు పెట్టుకోండి తల్లులారా.”

కంబగిరి రేడియో కోసం పుట్టినవాడు కాదు. మొదట బస్టాండులో మైకు ముందు కూర్చుని బస్సులు పిలిచేవాడు. ఒకరోజు ఆ మైకులో, “రాళ్లపల్లి బస్సు టైరు పంచరైంది. స్టెప్నీ కూడా పంచరే. ఇప్పట్లో రాదు, పోయి టీ తాగి రండి” అన్నాడు. అప్పటి రేడియో డైరెక్టరు ఒకాయన అదే బస్సు కోసం నిలబడి ఉన్నాడు. బస్టాండులో నిజం చెప్పిన మనిషిని ఆయన అంతకుముందు చూడలేదు. టీ తాగి వచ్చి, కంబగిరిని వెంటబెట్టుకుపోయాడు. అప్పటినుంచి చిట్టివంకకు పొద్దున పూట కంబగిరి గొంతే.

కేంద్రం ఒక పాత బంగళాలో ఉంది. స్టూడియోకి కిటికీ ఉండకూడదు. ఉన్న ఏసీ ఒక వేసవిలో ఆగిపోయింది. బాగుచేయించమని రాసిన ఉత్తరానికి జవాబు రాలేదు. పలకలు కొట్టి మూసేసిన పాత కిటికీ ఒకటి గోడలో ఉంటే కంబగిరి దాన్ని తెరిపించాడు. దాని కీలు తుప్పు పట్టింది. తెరిస్తే కిర్రుమనేది. ఆరింటికి వాద్య సంగీతం అయ్యాక మొదట ఆ కిర్రు వినపడేది. తర్వాత కంబగిరి దగ్గు. తర్వాతే మాట. చెయ్యి బయటికి పెట్టి ఎండో గాలో చెప్పేవాడు. కిర్రు వినపడితే కంబగిరి కూర్చున్నాడని ఊరికి లెక్క.

అసలు సంగతి ఆ తర్వాత వచ్చేది. మున్సిపాలిటీలో నీళ్లు వదిలే ఓబులేసు, వాల్వులు తిప్పే ఇనప తాళంచెవి సైకిలుకు కట్టుకుని కిటికీ కిందికి వచ్చేవాడు. ఆ తాళంచెవి అతనికంటే పొడుగు. ట్యాంకులో నీళ్లు ఎంత ఎక్కాయో తెల్లారి చూసుకుని, ఏ వీధికి తిప్పాలో అప్పటికప్పుడు తేల్చుకునేవాడు. కింద నిలబడి వీధి పేరు అరిచేవాడు. కంబగిరి దాన్ని మైకులో చెప్పేవాడు. చిట్టివంకలో కొళాయి వారానికొకసారి వస్తుంది. వచ్చినా అరగంటే. ఆ అరగంట తప్పితే మళ్లీ వారం దాకా ఇంట్లో అన్నం ఉడకడం కూడా అనుమానమే. అందుకని ఊళ్లో ఆడవాళ్లు దేవుడి మాటనైనా ఇంకోసారి అడుగుతారు గానీ కంబగిరి మాటను అడగరు. అతను పేరు చెప్పగానే బిందెలు బయటికి వచ్చేవి.

గాడిద సంగతి ఆ పూటే పై ఆఫీసుకు చేరింది. డైరెక్టరు విశ్వంభరరావు అప్పుడే బదిలీ మీద వచ్చాడు. కంబగిరిని గదిలోకి పిలిపించాడు.

“కంబగిరిగారూ, ప్రసారంలో గాడిద పాల్గొనడానికి ముందస్తు అనుమతి ఉందా?”

“గాడిద అనుమతి తీసుకున్నట్టు లేదు సార్.”

“నేను అడిగేది మీ అనుమతి.”

“కనపడింది, చెప్పినా సార్.”

“అక్కడే ఉంది సమస్య.” విశ్వంభరరావు కుర్చీలో వెనక్కి వాలాడు. “కనబడినది కనబడినట్టు ప్రసారమైపోతే ఇక మధ్యలో ఈ కేంద్రం నిర్వహించే భూమిక ఏమిటి? నేను నిర్వహించే భూమిక ఏమిటి?”

కంబగిరికి జవాబు తెలుసు.

నెల తిరక్కముందే విధానం వచ్చింది. ప్రసారమయ్యే ప్రతి మాటనూ పదిహేను రోజుల ముందే పై ఆఫీసు ఆమోదించాలి. అయితే ఒక చిక్కు ఉంది. కంబగిరి కార్యక్రమానికి నిధులు వచ్చేది ప్రత్యక్ష ప్రసారం పేరు మీద. ప్రత్యక్షం ఆపేస్తే నిధులు ఆగుతాయి. అందుకని పై ఆఫీసు రెంటినీ కలిపింది. దానికి ‘ముందస్తు ప్రత్యక్ష ప్రసారం’ అని పేరు పెట్టింది.

“అంటే రికార్డింగా సార్?” అని కంబగిరి అడిగాడు.

“కాదు. రికార్డింగ్ అంటే గతం. ఇది భవిష్యత్తు. పదిహేను రోజుల తర్వాత రాబోయే ఉదయాన్ని మీరు ఇవాళే ప్రత్యక్షంగా ప్రసారం చేస్తారు. అది ఆమోదం పొంది, ఆ ఉదయానికి సిద్ధంగా ఉంటుంది.”

“ఆ పొద్దు నేను యాడుండాల సార్?”

“స్టూడియోలో. ప్రత్యక్ష ప్రసారానికి వ్యాఖ్యాత ప్రత్యక్షంగా ఉండి తీరాలి. మైకు ముందు కూర్చోండి. మాట్లాడకండి. ఆమోదం లేని మాట ఒక్కటి మీ నోట వస్తే సస్పెన్షన్. విధానంలో అది చాలా స్పష్టంగా ఉంది. మిగిలినవి అంత స్పష్టంగా లేవు.”

రాబోయే ఉదయాలను రికార్డు చేయడం మొదలైంది. అద్దానికి అవతల మీటల ముందు ఇంజనీరు నూర్జహాన్ కూర్చుంది. ఆమె కంబగిరికి పదేళ్లుగా సహోద్యోగి. డైరెక్టరు ఆమె పక్కనే నిలబడ్డాడు.

“పదిహేను దినాల తర్వాత ఎండా, మబ్బా సార్?” కంబగిరి అడిగాడు.

“పదేళ్ల సగటు ప్రకారం ఆకాశం నిర్మలంగా ఉంటుంది.”

“నీళ్లు ఏ వీధికి?”

విశ్వంభరరావు దగ్గర మున్సిపల్ కమిషనరు పంపిన పట్టిక ఉంది. కమిషనరు పద్ధతైన మనిషి. ఊళ్లో వీధులన్నింటికీ సమానంగా నీళ్లు రాసి పంపాడు. ఆ పట్టికలో చిట్టివంకకు కరువు లేదు.

“కిటికీలోంచి ఏం కనపడుతుంది సార్?”

దానికీ జాబితా వచ్చింది. సైకిలు మీద పాలవాడు ఆమోదం పొందాడు. బడికి వెళ్లే పిల్లలు పొందారు. పిచ్చుక పొందింది. గాడిదను తిరస్కరించారు. ఆవు విషయంలో పై ఆఫీసు మరింత సమయం కోరింది.

రికార్డింగ్ అయ్యాక కిటికీ కిర్రును, కంబగిరి దగ్గును శబ్ద దోషాలుగా గుర్తించి తీసేయమన్నారు. నూర్జహాన్ తీసేసింది. తుడిచిన గొంతును ఒకసారి వినిపించింది.

“ఎట్లుందన్నా?”

“బాగుంది నూర్జా. ఎవురిదో గానీ.”

విధానం అమల్లోకి వచ్చిన పొద్దు కంబగిరి మైకు ముందు కూర్చుని తన మాటలు తాను విన్నాడు. మైకు మీట కిందికి దించి ఉంది. “ఈపొద్దు కొళాయి నీళ్లు వంకపేటకు” అని స్పీకర్లో తన గొంతు చెప్పింది. అదే సమయానికి కిటికీ కింద ఓబులేసు, “సంతపేట, అన్నా! సంతపేట!” అని అరిచాడు. కంబగిరి నోరు తెరిచాడు. అద్దం అవతలినుంచి డైరెక్టరు వేలు చూపించాడు. కంబగిరి నోరు మూశాడు.

ఎనిమిదింటికి వంకపేట ఆడవాళ్లు ఖాళీ బిందెలతో కేంద్రం ముందుకొచ్చారు. ముందు లచ్చుమక్క ఉంది. వంకపేటలో ఎవరికి ఏ కష్టం వచ్చినా ముందు నడిచేది ఆమే.

“ఏమబ్బా కంబగిరీ, నీళ్లు మాకంటివి గదా. వరస పెట్టి కూర్చుంటిమి. కొళాయిలో గాలి వచ్చింది. వట్టి చేతుల్తో రావడమెందుకని గాలే పట్టుకొచ్చినాం, చూడు” అని బిందె అతని కాళ్ల ముందు బోర్లించింది.

“అది నేను చెప్పింది కాదక్కా.”

“గొంతు నీది కాదా?”

“గొంతు నాదే.”

“మరి చెప్పిందెవురు, మీ నాయనా?”

డైరెక్టరు మెట్ల మీదికి వచ్చాడు. “అమ్మా, మీరు శాంతించాలి. ప్రసారంలో దోషం లేదు. దానికి ఆమోదం ఉంది. నీళ్లే ప్రసారాన్ని అనుసరించలేదు.”

“ఓహో! అట్లయితే ఆ నీళ్లను పట్టుకొచ్చి మా వీధిలో నాలుగు తన్ను సామీ” అంది లచ్చుమక్క.

విశ్వంభరరావు ఆ సూచనను తేలిగ్గా తీసుకోలేదు. ఆ వారంలోనే ‘వాస్తవ అనుసరణ కమిటీ’ ఏర్పడింది. ఆమోదం పొందిన ప్రసారానికీ ఊరికీ తేడా వస్తే, ఊరు ఎక్కడ దారి తప్పిందో తెలుసుకుని సరిచేయడం దాని పని. డైరెక్టరే అధ్యక్షుడు. కమిషనరు, బస్సు డిపో మేనేజరు సభ్యులు.

కమిటీ నీళ్ల జోలికి పోలేదు. నీళ్లు కష్టం. బస్సులతో మొదలుపెట్టింది. రాళ్లపల్లి బస్సు సగటు ప్రకారం అరగంట ఆలస్యమని రికార్డులో ఉన్న రోజున అది వేళకే వచ్చేసింది. మేనేజరు ఊరి బయట రైలు గేటు దగ్గర దాన్ని ఆపించాడు. గేటు తెరిచే ఉంది. లోపలి జనం అరగంట సేపు గేటును చూశారు. అందులో పరీక్షకు పోవాల్సిన పిల్లలున్నారు. బస్సు ప్రసారాన్ని అనుసరించిందని కమిటీ సంతృప్తి వ్యక్తం చేసింది.

తర్వాత పాలవాడి వంతు వచ్చింది. పాలవాడు గంగన్న సైకిలు అమ్మేసి మోటారు బండి కొని ఏడాది దాటింది. కమిటీ అతనికి అద్దె సైకిలు ఇప్పించింది. ఆరు దాటగానే కిటికీ ముందునుంచి గంట కొట్టుకుంటూ పోవాలి. ఖాళీ క్యాన్లతో పోయినా ఫరవాలేదు. గంగన్న రోజూ పోయేవాడు. మూల తిరిగాక సైకిలు గోడకు ఆనించి, మోటారు బండెక్కి పాలు పోయడానికి వెళ్లేవాడు.

“ఎట్లుంది గంగన్నా ఉద్యోగం?” అని కంబగిరి కిటికీలోంచి అడిగాడు ఒకరోజు.

“పాలు పోసేదానికంటే ఇదే నయం. నీళ్లు కలిపినావని ఎవురూ అనరు.”

చావుల దగ్గర చిక్కు వచ్చింది. అశ్వత్థప్ప మాస్టరు చిట్టివంకలో సగం మందికి అక్షరాలు దిద్దించినవాడు. ఆయన పోయాడు. పోయిన మూడో రోజున రేడియోలో కంబగిరి గొంతు ఆయనకు పుట్టినరోజు శుభాకాంక్షలు చెప్పి, నిండు నూరేళ్లు బతకమంది. అది అంతకుముందే ఆమోదం పొందింది. చావు కబురుకు ఆమోదం వచ్చేసరికి ఇంట్లో కర్మ కూడా ముగిసింది. ఆ పొద్దున రేడియో “అశ్వత్థప్ప మాస్టరు నిన్న కన్నుమూశారు” అంది. పల్లెల నుంచి శిష్యులు పూలదండలతో బస్సులు దిగారు.

మాస్టరు భార్య వాకిట్లోనే ఉంది. ఆమెను పలకరించడానికి కంబగిరి వెళ్లాడు.

“ఏం నాయనా,” అందామె, “మీ అయ్యవారు మళ్లీ పోయినాడంట గదా.”

కంబగిరి తల వంచుకున్నాడు.

“నిన్ను అనడంలేదులే. ఆయన ఉన్నన్నాళ్లూ, కంబగిరి చెప్పినాడు అంటే ఇంక గోడ మీద గడియారం వైపు కూడా చూసేవాడు కాదు. అదే బాధగా ఉండాది.”

ఇంటికొచ్చేసరికి భార్య సుంకమ్మ బిందె పట్టుకుని బయలుదేరుతోంది.

“యాడికి?”

“ఓబులేసును అడిగొస్తా, నీళ్లు యాడికో.”

“నన్ను అడగొచ్చు గదా?”

సుంకమ్మ నవ్వింది. “నిన్ను నమ్ముకుంటే మనిద్దరం దాహంతో చస్తాం. నీ గొంతు వింటే బిందెలు లోపల పెట్టుకుంటాండారు తెలుసా వంకపేటలో?”

ఆ మాటతో కంబగిరికి తాను ఏం పోగొట్టుకుంటున్నాడో తెలిసింది. జీతం తగ్గలేదు. పనైతే ఇంకా తేలికైంది. ఇన్నేళ్ల ఉద్యోగంలో అతను సంపాదించింది ఒక్కటే. తన మాట మీద నాలుగు వీధులు బిందెలు పెట్టుకునేవి. అది పోయింది.

మర్నాడు డైరెక్టరు దగ్గరికి పోయి, నీళ్ల కబురు ఒక్కటి తన నోటితో చెప్పనివ్వమన్నాడు.

“కంబగిరిగారూ, మీరు చెబుతూనే ఉన్నారు కదా,” అన్నాడు విశ్వంభరరావు. “మీకంటే బాగా.”

ఊరు రేడియోను మానేయలేదు. వేళ తెలుసుకోవడానికి మాత్రం వినేది. ఆరు గంటలని రికార్డు చేసింది ఆరు గంటలకే వేసేవాళ్లు గనుక ఆ ఒక్క మాట నిజంగా ఉండేది. మిగతాది ఒక చెవిన పడి పోయేది.

ఆ ఏడు వాన పడింది. పదేళ్ల సగటుకు తెలియకుండా పడింది. రెండు రోజులు పగలూ రాత్రీ పడింది. కరెంటు పోయింది. సెల్‌ఫోన్ టవరు పడుకుంది. కేంద్రం జనరేటరు మీద నడుస్తోంది, ఊళ్లో రేడియోలు బ్యాటరీల మీద నడుస్తున్నాయి. మూడో రోజు తెల్లారేసరికి కంబగిరి తడిసి స్టూడియో చేరాడు. నూర్జహాన్ అప్పటికే వచ్చి ఉంది. ఆరు కొట్టింది. వాద్య సంగీతం అయింది. తుడిచిన గొంతు “ఆకాశం నిర్మలంగా ఉంది” అని మొదలుపెట్టింది.

కిటికీ తలుపును ఎవరో బయటినుంచి బాదారు. కిటికీ అద్దంలోంచి చూస్తే ఓబులేసు. కంబగిరి పక్క తలుపులోంచి వసారాలోకి పరుగెత్తాడు.

“అన్నా, పైచెరువు కట్ట కోసుకుంటాంది! ట్యాంకు మీదినుంచి చూసినా. కట్ట తెగితే వంక నీళ్లు మొత్తం వంకపేట మీదికే. అరగంట పట్టదు.”

“పోలీసులకు చెప్పినావా?”

“ఒక్క కానిస్టేబులుండాడు. ఎస్సైగారు రానీ అన్నాడు. నేనొక్కడినీ ఎన్ని ఇండ్ల తలుపులు కొట్టేది? మొత్తుకుంటే వానలో పక్కింటికి గూడా వినపడేట్టు లేదు.”

డైరెక్టరు క్వార్టరు ఆవరణలోనే ఉంది. కంబగిరి పోయి తలుపు తట్టాడు. విశ్వంభరరావు శాలువా కప్పుకుని వచ్చాడు. మొత్తం విన్నాడు.

“పరిస్థితి తీవ్రమైనదే. వరద హెచ్చరిక పాఠం రాసి ఇవ్వండి. అత్యవసరమని గుర్తుపెట్టి పంపుతాను.”

“ఎప్పుడొస్తాది సార్ ఆమోదం?”

“అత్యవసరం కనుక పది రోజులు.”

“వంక అరగంటలో వస్తాది సార్.”

“వంక ఏ విధానానికీ లోబడి లేదు. మనం ఉన్నాం. ఇవాళ్టి ప్రసారంలో ఆకాశం నిర్మలంగా ఉంది. అదే కేంద్రం నుంచి అదే సమయానికి మీరు వరద అంటే ఆమోదించిన అధికారి ఏమైపోవాలి?” ఆ అధికారి మీద జాలితో ఆయన గొంతు తగ్గింది. “ఆమోదం లేని మాట ఒక్కటి మీ నోట రాకూడదు. చెబుతున్నాను.”

కంబగిరి అప్పటికే మెట్లు దిగుతున్నాడు.

“నా నోట రాదు సార్” అన్నాడు. పరుగెత్తుకుంటూ వెనక్కి వచ్చాడు.

ఓబులేసు కిటికీ కింద తడుస్తూ నిలబడి ఉన్నాడు. “నువ్వు యాడికీ పోవద్దు. కిటికీ తెరుస్తా. పొద్దున ఎట్ల అరుస్తావో అట్ల అరువు” అని చెప్పి లోపలికి వచ్చాడు. మైకును బల్ల మీదినుంచి ఎత్తి కిటికీ గట్టు మీద పెట్టాడు. అద్దం అవతల నూర్జహాన్ లేచి నిలబడింది. అతను మైకును చూపించి, అరచెయ్యి పైకెత్తాడు. నూర్జహానుకు ఇంట్లో ముగ్గురు పిల్లలున్నారు. సస్పెన్షన్ అంటే ఏమిటో ఆమెకు తెలుసు. ఒకసారి తలుపు వైపు చూసింది. మీట పైకి నెట్టింది.

కంబగిరి కిటికీ తెరిచాడు.

కిర్రుమంది.

వంకపేటలో లచ్చుమక్క పొయ్యి రాజేస్తోంది. కిర్రు విని చెయ్యి ఆపింది. ఎన్ని నెలలుగానో ఆ చప్పుడు వినలేదు. వెనకనే వాన హోరు వచ్చింది. ఆ హోరులోంచి ఓబులేసు గొంతు వచ్చింది.

“వంక వస్తాందో! పైచెరువు కట్ట కోసుకుంటాందో! వంకపేటోళ్లు లేయండో! హైస్కూలు మిట్టెక్కండో!”

దాని మీదనే తుడిచిన గొంతు ఆగకుండా నడుస్తోంది. “లేత ఎండ హాయిగా ఉంది. మన పాలాయన సైకిలు మీద పోతాండాడు” అంటోంది. అప్పుడే గంగన్న వచ్చాడు. మోకాలి లోతు నీళ్లలో సైకిలు తోసుకుంటూ, గంట కొట్టుకుంటూ వచ్చాడు. కమిటీ అతనికి వానాకాలం గురించి ఏమీ చెప్పలేదు. ఓబులేసు అరుపు విని అతను సైకిలు అక్కడే వదిలేశాడు. మూలన పెట్టిన మోటారు బండెక్కి వంకపేట వైపు పోయాడు.

“కిటికీ తెరిచినాడు!” అని లచ్చుమక్క వీధిలోకి వచ్చి కేక పెట్టింది. “కంబగిరి కిటికీ తెరిచినాడు! ఓబులేసు అరుస్తాండాడు! ఇది నిజ్జమే, లేయండి!”

స్టూడియోలో కంబగిరి రెండు చేతులతో నోరు మూసుకుని కూర్చున్నాడు. ఓబులేసు గొంతు బొంగురుపోయే దాకా అరిచాడు. రికార్డు చివరికి వచ్చి, ఈ రోజు అందరికీ శుభం కలగాలని కోరుకుంది.

వంక వచ్చింది. వంకపేటలో ఇండ్లు చూరు దాకా మునిగాయి. మనుషులు హైస్కూలు మిట్ట మీద ఉన్నారు. లచ్చుమక్క బిందెలు కూడా తెచ్చుకుంది. వాటిలో నీళ్లు నిండి ఉన్నాయి. ఆ వానలో ఎవరూ వాటిని చూసి నవ్వలేదు.

పై ఆఫీసు నుంచి విచారణాధికారి వచ్చాడు. విశ్వంభరరావు పక్కన కూర్చున్నాడు.

“ఆ ఉదయం మీరు ఆమోదం లేని మాట మాట్లాడారా?”

“లేదు సార్.”

“ప్రసారంలో వరద హెచ్చరిక వినబడింది.”

“అది నా గొంతు కాదు సార్. నా గొంతు ఎండ హాయిగా ఉందని చెప్తాంది.”

“మరి మాట్లాడింది ఎవరు?”

“కిటికీ బయట ఒకాయన. రోడ్డు మీద.”

విచారణాధికారి విధానాన్ని మొదటినుంచి చివరి దాకా చదివాడు. రోడ్డు మీద మనుషులు ఏం అరవాలో అందులో లేదు. ఇంజనీరు మీట ఎత్తకూడదని లేదు. మైకు ఎక్కడ ఉండాలో లేదు. కిటికీ ప్రస్తావనే లేదు. ఊళ్లో ఎవరూ చనిపోలేదు గనుక ఎవరినైనా శిక్షించాలన్న ఒత్తిడి కూడా లేదు.

నివేదిక వచ్చింది. చిట్టివంక కేంద్రం ‘పరిసర శబ్ద హెచ్చరిక వ్యవస్థ’ను విజయవంతంగా అమలు చేసిందని అందులో ఉంది. విశ్వంభరరావుకు శాలువా కప్పారు. మాట్లాడమంటే, క్రమశిక్షణ ఊళ్లను ఎలా కాపాడుతుందో వివరించాడు. ముందు వరసలో ఓబులేసుకు కుర్చీ వేశారు గానీ ఆ రోజు సంతపేట వాల్వు తిరగక అతను రాలేకపోయాడు.

నివేదిక చివర మూడు ఆదేశాలున్నాయి. కిర్రు ప్రజాదరణ పొందినందున దాన్ని పదిహేను రోజుల ముందుగా రికార్డు చేసి, ఆమోదం పొంది, రోజూ వెయ్యాలి. ఆమోదం లేని కిర్రులు తలెత్తకుండా కీలుకు నూనె పోసి, కిటికీకి మేకులు కొట్టాలి. పరిసర శబ్దం శ్రోతలకు మేలు చేస్తున్నందున వ్యాఖ్యాత మైకును ఎప్పుడూ తెరిచే ఉంచాలి. మాట మాత్రం కూడదు.

వడ్రంగి వచ్చి మేకులు కొట్టిపోయాడు. బయటికి చూడటానికి కిటికీ అద్దం మిగిలింది. ఓబులేసు మర్నాడు అలవాటుకొద్దీ కిటికీ కింద ఆగాడు. అరిస్తే లోపలికి వినపడలేదు. రెండు వేళ్లు చూపించాడు. వంకపేట, కోటవీధి, సంతపేట, గొల్లవీధి. ఎప్పుడూ ఆ వరసలోనే చెప్పుకునేవాళ్లు. రెండోది కోటవీధి. కంబగిరి తెరిచి ఉన్న మైకు వైపు చూశాడు. నూర్జహాన్ అద్దం అవతలినుంచి అతని వైపు చూస్తోంది.

కంబగిరి రెండుసార్లు దగ్గాడు.

ఊరికి ఎవరూ ఏమీ చెప్పలేదు. ఆ వారమంతా ఓబులేసు వాల్వుల దగ్గర ఎవరు అడిగినా, “రేడియో వినలేదా? దగ్గినాడు గదా” అని ఊరుకునేవాడు. అది చాలింది.

నెల గడిచాక విశ్వంభరరావు కంబగిరిని పిలిపించాడు.

“మీ దగ్గు ఆమోదించిన పాఠంలో లేదు.”

“జబ్బు సార్ అది. మాట కాదు.”

“కొన్ని రోజులు ఒకటి, కొన్ని రోజులు నాలుగు వస్తున్నాయి. దీనికి కారణం?”

“నీళ్లను బట్టి ఉంటాది సార్.”

విశ్వంభరరావు అతన్ని పరీక్ష నిమిత్తం ప్రభుత్వ వైద్యుడి దగ్గరికి పంపించాడు. డాక్టరుగారు ఛాతీ మీద గొట్టం పెట్టి చాలాసేపు విన్నాడు. దగ్గమన్నాడు. కంబగిరి దగ్గాడు. డాక్టరుగారు తల పంకించి, ఇది దీర్ఘకాలికమని, ప్రమాదం లేదని, మందులతో ఆపే ప్రయత్నం ఎట్టి పరిస్థితుల్లోనూ చేయరాదని రాసి ముద్ర వేశాడు. విశ్వంభరరావు దాన్ని పై ఆఫీసుకు పంపించాడు. పై ఆఫీసు దగ్గును ఉద్యోగి ఆరోగ్య విషయంగా పరిగణించి, అది ప్రసార విధానం కిందికి రాదని తేల్చింది.

మర్నాడు పొద్దున రేడియోలో ఆమోదం పొందిన కిర్రు వినిపించింది. ఆకాశం నిర్మలంగా ఉందని, నీళ్లు గొల్లవీధికని తుడిచిన గొంతు చెప్పింది. తర్వాత కంబగిరి మూడుసార్లు దగ్గాడు.

సంతపేటలో డాక్టరుగారి భార్య రెండు బిందెలు పట్టుకుని బయటికి వచ్చింది.